ఏ కంపెనీ?



రాయికల్, కోరుట్ల, జగిత్యాల, సిరిసిల్ల ప్రాంతంలో ఇంగ్లీషు చదువుతో పనిలేకుండానే ఇంటింటికీ చేరిన ఇంగ్లీషు మాటల్లో 'కంపెనీ' ఒకటి. ఒడిలో చాట పెట్టుకుని బీడీలు చుట్టే ఆమె "ఈ వారం కంపెనీ నుంచి ఆకు రాలె" అంటుంది. ఆమె పక్కింటామె "మా ఆయనకు దుబాయిల మంచి కంపెనీ దొరికింది" అంటుంది. దుకాణంలో ఫ్యాను అమ్మేవాడు "ఇది లోకల్ కాదు, కంపెనీది" అని చేతిలో పెడతాడు. విత్తనాల కోసం మక్క వేసిన రైతు "కంపెనీ పైసలు ఇంకా పడలే" అంటాడు. మాట ఒకటే, దాని వెనకున్న మనుషులు వేరు. బీడీల ఆమె నోట కార్ఖానా, దాన్ని నడిపే టేకేదారు, ఎక్కడో ఉన్న మార్కా యజమాని ముగ్గురూ ఆ ఒక్క మాటలో కలిసిపోయారు. దుబాయి సంగతిలో వీసా తీసిన యజమానినీ పని చేయించుకునే యజమానినీ ఆ మాట విడదీసి చెప్పదు. ఫ్యాను విషయంలో అది నాణ్యతకు ఇంకో పేరు. మక్క రైతుకు మాత్రం అది ఊళ్లోకి ఎన్నడూ రాని ఒక పెద్ద మనిషి లాంటిది. మన ప్రాంతంలో ఈ మాట నమ్మకానికి మారుపేరుగా స్థిరపడింది. ఆ నమ్మకం ఎవరి మీద పెడుతున్నామో వాళ్ల పూర్తి పేరు కాగితం మీద లేనప్పుడు, కష్టం చేసే మనిషికి ఈ మాట వల్ల లాభం కన్నా నష్టమే ఎక్కువ. ఇవాళ్టి ప్రసంగంలో నేను చెప్పదలచుకున్నది ఇదే.

ఈ మాట పుట్టుక చాలా సాధువైనది. లాటిన్ భాషలో 'కమ్' అంటే కలిసి, 'పానిస్' అంటే రొట్టె. ఒకే రొట్టెను పంచుకుని తినేవాళ్లు ఒక కంపెనీ. మనం సహపంక్తి అనే దానికి దగ్గరి అర్థం. స్నేహితుడు ఆస్పత్రిలో ఉంటే రాత్రి అతనికి తోడుండడాన్ని మన పిల్లలు కంపెనీ ఇవ్వడం అంటారు, అది ఆ పాత అర్థమే. ఎన్నికలప్పుడు కేంద్ర బలగాలు ఇన్ని కంపెనీలు వచ్చాయని వార్తల్లో వింటాం, అక్కడ అది కలిసి నడిచే సిపాయిల దళం. నాటక కంపెనీ అన్నప్పుడూ అంతే. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో మొదలైన నాటక కుటుంబాల్లో వేషం కట్టేవాళ్లు, తెర లాగేవాళ్లు, వంట చేసేవాళ్లు అందరూ ఒకే పొయ్యి మీది తిండి తిన్నారు. వ్యాపారులు కలిసి పెట్టుబడి పెట్టి ఓడలు నడిపే రోజుల్లో కూడా ఆ మాటలో ఈ కలిసి ఉండే గుణమే ఉంది. 1600లో లండన్ వ్యాపారులు ఈస్టిండియా కంపెనీ పెట్టుకున్నారు. 1611లో వాళ్లు మచిలీపట్నంలో గిడ్డంగి తెరిచారు. నూటయాభై ఏళ్లు గడిచేసరికి ఉత్తర సర్కారు జిల్లాల్లో శిస్తు వసూలు చేసేది కూడా వాళ్లే అయ్యారు. అలా తెలుగు నోళ్లలో కంపెనీ 'కుంపిణీ' అయింది, అది సర్కారుకు పర్యాయపదమైంది. నిజాం ఏలుబడిలో ఉన్న మన ప్రాంతంలో కుంపిణీ నేరుగా శిస్తు వసూలు చేయలేదు. కానీ అదే కాలంలో హైదరాబాదులో పామర్ అండ్ కంపెనీ అనే వడ్డీ వ్యాపార సంస్థ నిజాం ఖజానాకే అప్పులిచ్చి దాన్ని అప్పుల్లో ముంచింది. కలిసి రొట్టె తినేవాళ్లన్న మాట, పన్ను వసూలు చేసేవాళ్లు, వడ్డీ గుంజేవాళ్లు అన్న చోటికి చేరడానికి రెండు వందల ఏళ్లు పట్టింది.

ఇంకో మలుపు కోర్టులో వచ్చింది. 1897లో ఇంగ్లండులో సాలమన్ అనే బూట్ల వ్యాపారి దావాలో అక్కడి అత్యున్నత న్యాయస్థానం ఒక సూత్రాన్ని ఖరారు చేసింది. కంపెనీ అంటే దానిలో వాటాలున్న మనుషులు కాదు, అది చట్టం దృష్టిలో వేరే ఒక వ్యక్తి. దాని ఆస్తి దానిది, దాని అప్పు దానిది. కంపెనీ మునిగితే అప్పులవాళ్లు యజమాని ఇంటి మీదికి పోవడానికి వీల్లేదు. ప్రపంచంలోని వ్యాపార చట్టాలు చాలావరకు ఈ సూత్రం మీదే నడుస్తున్నాయి, మన దేశపు చట్టం కూడా అంతే. 2013 కంపెనీల చట్టం వచ్చాక మన దేశంలో ఒకే ఒక్క మనిషి కూడా కంపెనీ పెట్టుకోవచ్చు. వ్యాపారం చేసే ధైర్యం రావాలంటే ఇలాంటి రక్షణ అవసరమే, నేను దాన్ని తప్పు పట్టను. కానీ దీనితో వచ్చే చిక్కును కూలి మనిషి కూడా తెలుసుకోవాలి. కంపెనీ ఒక వ్యక్తి అయినప్పుడు ఆ వ్యక్తికి పేరుంటుంది, చిరునామా ఉంటుంది, రిజిస్ట్రేషన్ నంబరుంటుంది. అవి తెలియకుండా ఉత్త "కంపెనీ" అన్నామంటే ఎవరినీ పేరు పెట్టి పిలవనట్టే.

మన మెట్‌పల్లి దగ్గరి ముత్యంపేట చక్కెర ఫ్యాక్టరీ సంగతే చూడండి. రైతులకు అది ఎప్పుడూ 'షుగర్ ఫ్యాక్టరీ'నే. పొగగొట్టం మారలేదు, గేటు మారలేదు, చెరకు బండ్లు నిలబడే చోటు మారలేదు. కానీ లోపల కంపెనీ మారింది. నిజాం కాలంలో బోధన్‌లో మొదలైన నిజాం షుగర్స్ ప్రభుత్వ సంస్థగా చాలా ఏళ్లు నడిచింది. 2002లో 51 శాతం వాటా ప్రైవేటు చేతికి పోయి, బోధన్, మెదక్, ముత్యంపేట యూనిట్లు నిజాం దక్కన్ షుగర్స్ లిమిటెడ్ అనే కొత్త కంపెనీ కిందికి వెళ్లాయి. 2015 డిసెంబరులో మూడు యూనిట్లలోనూ లే-ఆఫ్ ప్రకటించారు. ఆ తర్వాత ఫ్యాక్టరీ తెరిపించాలని రైతులు, కార్మికులు చేసిన ఆందోళనలు ఈ ప్రాంతం వాళ్లందరికీ తెలుసు. జీతం బకాయి ఎవరివ్వాలి, ఫ్యాక్టరీ ఎవరు తెరవాలి అని అడిగిన ప్రతిసారీ జవాబు ప్రభుత్వం, ప్రైవేటు కంపెనీ అనే రెండు పేర్ల మధ్య నలిగింది. ఫ్యాక్టరీ కళ్లెదుట కనిపిస్తుంది, కంపెనీ కాగితం మీదే ఉంటుంది. కళ్లెదుట కనిపించేదాన్ని నమ్ముకుని కాగితం మీద ఉన్నదాన్ని పట్టించుకోకపోతే, తలుపులు మూసిన రోజు తట్టడానికి తలుపు దొరకదు.

అన్ని కంపెనీలూ ఇలాగే ఉంటాయని కాదు. మనకు కొంచెం తూర్పున గోదావరిఖని వైపు పోతే ఆ మాట ఎంత గట్టిగా నిలబడగలదో తెలుస్తుంది. సింగరేణి కాలరీస్ కంపెనీ 1920లో ఆ పేరుతో ఏర్పడింది, ఇవాళ దానిలో తెలంగాణ ప్రభుత్వానికి 51 శాతం, కేంద్రానికి 49 శాతం వాటాలు. అక్కడ కంపెనీ అంటే ఏ కంపెనీ అని ఎవరూ అడగరు. కంపెనీ క్వార్టరు, కంపెనీ దవాఖాన, లాభాల్లో వాటా, బావిలో ప్రమాదం జరిగితే జవాబు చెప్పే అధికారి, అన్నీ ఒకే పేరు కింద ఉంటాయి. ఆ పేరు ప్రతి కార్మికుడి జీతం చీటీ మీద ఉంటుంది. మాటకు అక్కడ బరువుందంటే, దశాబ్దాలుగా కార్మికులు సంఘాలు కట్టి, సమ్మెలు చేసి ఆ పేరును జవాబుదారీగా నిలబెట్టారు కాబట్టి. ఇంకో పోలిక మన ఇళ్లలోనే ఉంది. జగిత్యాల జిల్లాలో కరెంటు బిల్లు వచ్చేది ఉత్తర తెలంగాణ విద్యుత్ పంపిణీ కంపెనీ నుంచి. సిరిసిల్లలో మాత్రం కరెంటు ఇచ్చేది 1970లో ఏర్పడిన సహకార సంఘం, అందరూ 'సెస్' అంటారు. దాని పాలకవర్గాన్ని సభ్యులే ఓట్లేసి ఎన్నుకుంటారు. వాడే కరెంటు ఒకటే అయినా, ఒకచోట మనం కంపెనీకి వినియోగదారులం, ఇంకోచోట సంఘానికి సభ్యులం.

ఇక నమ్మకం సంగతికి వస్తాను. మన అంగళ్లలో 'కంపెనీది' అంటే అసలైనది, మన్నే సరుకు, చెడిపోతే తిరిగి ఇవ్వదగ్గది. లోకల్ దానికన్నా పది రూపాయలు ఎక్కువైనా కంపెనీదే తీసుకోమని పెద్దవాళ్లు చెబుతారు. అది తెలివైన సలహాయే. ఎందుకంటే సరుకు మీద మార్కా ఉంటుంది, అట్టపెట్టె మీద తయారీదారు చిరునామా ఉంటుంది, గ్యారంటీ కార్డు మీద దుకాణదారు ముద్ర ఉంటుంది. నమ్మకం అక్కడ గాలిలో పుట్టలేదు, అచ్చయిన పేరు నుంచి పుట్టింది. అదే మాట సరుకు నుంచి పనికి మారినప్పుడు పేరు వెనకే ఉండిపోతుంది, నమ్మకం మాత్రం ముందుకు నడుస్తుంది. ఐదు వందల రూపాయల ఫ్యాను కొనేటప్పుడు ఏ కంపెనీ అని అడిగే ఇంట్లోనే, కొడుకును రెండేళ్లు సౌదీకి పంపేటప్పుడు "కంపెనీ వీసానే" అన్న ఒక్క మాటతో సంతృప్తి పడుతున్నారు. ఈ తేడా మీద నాకు చాలా బాధ ఉంది.

బీడీల పని దగ్గరికి వెళ్దాం. తునికాకును తడిపి, రేకు ఆనించి కత్తెరతో కత్తిరించి, తంబాకు నింపి, చుట్టి, కొనలు మడిచి, దారం కట్టి, 25 బీడీలకు ఒక కట్ట చేయడం వేలాది ఇళ్లలో ఆడవాళ్ల రోజువారీ పని. ఆకు, తంబాకు కార్ఖానా నుంచి వస్తాయి, బీడీలు కార్ఖానాకు పోతాయి. లెక్క వెయ్యి బీడీలకు. కార్ఖానాలో తీసుకునే మనిషి ఒక్కో కట్టను చేతిలో తిప్పి చూస్తాడు. చుట్టు వదులుగా ఉన్నా, మొన సరిగా మడవకున్నా దాన్ని పక్కన పడేస్తాడు, ఆ కట్టకు కూలి లేదు. ఈ చిన్న పని మీదే ఒక పెద్ద న్యాయ వివాదం నడిచింది. ఇంట్లో కూర్చుని, తనకు తోచిన వేళ, కొన్నిసార్లు అత్తతో కోడలితో కలిసి చుట్టే మనిషి మా ఉద్యోగి ఎలా అవుతుంది, ఆమెకు మేం భవిష్యనిధి ఎందుకు కట్టాలి అని బీడీ యజమానులు వాదించారు. బీడీ పరిశ్రమను 1977లో ఆ భవిష్యనిధి, అంటే ప్రావిడెంట్ ఫండ్ (పీఎఫ్) కిందికి తెచ్చిన తర్వాత వచ్చిన వాదన ఇది. పీ.ఎం. పటేల్ అండ్ సన్స్ కేసులో 1985లో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది: ఇంట్లో చుట్టినా ఆమె ఉద్యోగే. ఆ నిర్ణయానికి ఆధారమేమిటంటే, బాగాలేని బీడీని తిరస్కరించే హక్కు యజమానికి ఉంది కాబట్టి పని మీద పట్టు అతనిదే. పక్కన పడేసిన కట్టే ఆమె ఉద్యోగానికి సాక్ష్యమైంది.

అంతకుముందే 1966లో బీడీ, సిగార్ కార్మికుల చట్టం వచ్చింది. ఇంటి దగ్గర పనిచేసేవాళ్లను అది పేరు పెట్టి గుర్తించింది, మధ్యలో కాంట్రాక్టరు ఉన్నా అసలు యజమాని ఎవరో నిర్వచించింది. 1974లో సుప్రీంకోర్టు ఆ చట్టాన్ని సమర్థించింది. 2020లో పార్లమెంటు ఆమోదించిన లేబర్ కోడ్‌లలో ఆ చట్టాన్ని కలిపేశారు. అంటే టేకేదారు అనే మనిషి ఎందుకున్నాడో, అతని వెనక ఎవరున్నారో శాసనకర్తలకు అరవై ఏళ్ల కిందే తెలుసు. కానీ మన ఊళ్లలో ఇవాళ్టికీ "ఏ కంపెనీ?" అంటే కార్ఖానా నడిపే టేకేదారు పేరు చెబుతారు, లేదా కట్ట మీది బొమ్మ పేరు చెబుతారు. బొమ్మ మార్కా మాత్రమే, యజమాని పేరు వేరే ఉండవచ్చు. దీని ఫలితం ఎక్కడ కనిపించిందంటే, పింఛన్ దగ్గర. తెలంగాణ ప్రభుత్వం ఆసరా పథకంలో బీడీ కార్మికులకు జీవనభృతి మొదలుపెట్టినప్పుడు, 2014 ఫిబ్రవరి 28 నాటికి పీఎఫ్ ఖాతా ఉండాలని షరతు పెట్టింది. మొదట నెలకు 1000 రూపాయలు, 2019 నుంచి 2016 రూపాయలు. ఇరవై ఏళ్లుగా చుట్టినా పేరు ఏ పుస్తకంలోకీ ఎక్కని ఆమెకు, చుట్టినట్టు రుజువే లేదు. ఒకే వాకిట్లో కూర్చుని ఒకే ఆకు చుట్టిన ఇద్దరిలో ఒకరికి భృతి వచ్చింది, ఇంకొకరికి రాలేదు. ఇద్దరూ "కంపెనీ బీడీలే" చుట్టారు. ఆ గడువు తేదీ అన్యాయమని కార్మిక సంఘాలు అన్నాయి, నేనూ అదే అంటాను. అయితే తేదీ ఎంత అన్యాయమైనా, మొదటి అన్యాయం అంతకు చాలా ముందే, పీఎఫ్ నంబరు లేకుండా ఆమె చేత చాట పట్టించిన రోజునే జరిగింది.

గల్ఫ్ సంగతి ఇంతకన్నా బరువైనది. మన దగ్గర వీసాలకు మూడు వాడుక పేర్లున్నాయి: కంపెనీ వీసా, ఆజాద్ వీసా, విజిట్ వీసా. కంపెనీ వీసా అంటే ఒక సంస్థ పనికి పిలిచింది, గది ఇస్తుంది, డ్యూటీ ఉంటుంది అని అర్థం. ఆజాద్ వీసా అంటే పేరుకు ఒక కఫీల్, అంటే వీసా తీసిన యజమాని, ఉంటాడు, పని మాత్రం బయట వెతుక్కోవాలి. ఆ పేరుతో ఏ గల్ఫ్ దేశపు చట్టంలోనూ వీసా లేదు. కఫీల్ దగ్గర కాక ఇంకోచోట పనిచేస్తూ దొరికితే చట్టప్రకారం నేరం, మనిషి ఖల్లివల్లి, అంటే కాగితాల్లేని వాడు, అయినట్టే. ఈ తేడా మన వాళ్లకు బాగా తెలుసు, అందుకే కంపెనీ వీసా అంటే ధర ఎక్కువ, నమ్మకం ఎక్కువ. సరిగ్గా ఆ నమ్మకం మీదే మోసం నడుస్తుంది. కాగితం మీద పేరున్నది మనుషులను సరఫరా చేసే సప్లై కంపెనీది కావచ్చు. దానికి సొంత పని ఏదీ ఉండదు, ఇవాళ ఒక సైటుకు, రేపు ఇంకో సైటుకు పంపుతుంది, పని లేని రోజున క్యాంపులో కూర్చోబెడుతుంది. క్లీనింగ్ పని అని చెప్పి ఎడారిలో గొర్రెల కాపలాకు పంపినా, ఊళ్లో ఏజెంటు చెప్పిన మాట ఒక్కటే: కంపెనీ.

ఇక్కడ కూడా చట్టం పేరు అడుగుతుంది. 1983 వలసల చట్టం ప్రకారం పదో తరగతి పాసు కాని వాళ్లు 18 దేశాలకు పనికి పోవాలంటే ఇమిగ్రేషన్ క్లియరెన్స్ తీసుకోవాలి. ఆరు గల్ఫ్ దేశాలూ ఆ 18లో ఉన్నాయి. ఆ క్లియరెన్స్ కోసం విదేశీ యజమాని ఈ-మైగ్రేట్ అనే ప్రభుత్వ వ్యవస్థలో తన పేరు నమోదు చేసుకోవాలి, జీతం, పని, గడువు రాసిన ఒప్పందం ఉండాలి. రిజిస్టరైన ఏజెంటు కార్మికుడి దగ్గర 30,000 రూపాయలు, దాని మీద జీఎస్టీ దాటి తీసుకోకూడదు. ఇలా పోయేవాళ్లకు ప్రవాసీ భారతీయ బీమా తప్పనిసరి, ప్రమాదంలో చనిపోతే కుటుంబానికి 10 లక్షలు. విజిట్ వీసా మీద పోయి అక్కడ పనిలో చేరిన మనిషికి ఈ రక్షణ ఏదీ లేదు. అతని పేరు మన ప్రభుత్వ జాబితాలో కార్మికుడిగా లేదు, పర్యాటకుడిగా ఉంది. గల్ఫ్‌లో చనిపోయిన కార్మికుల కుటుంబాలకు 5 లక్షల సాయం ఇస్తామని తెలంగాణ ప్రభుత్వం 2024లో ఉత్తర్వు ఇచ్చింది, అది మంచి పని. కానీ బతికి ఉండి జీతం రాని వాడి గోడు వినాలంటే, ఎవరి మీద ఫిర్యాదో మొదటి వరుసలో రాయాలి. అక్కడి లేబర్ కోర్టులో ఆ గడి ఖాళీగా ఉంటే కేసు కదలదు.

దీనికి వెంటనే వచ్చే అభ్యంతరం నాకు తెలుసు. పెద్ద పేరున్న కంపెనీలు మునగలేదా, పేరు తెలిసి ఏం లాభం అంటారు. మునిగాయి. 2016లో సౌదీ ఓజర్ అనే పెద్ద నిర్మాణ సంస్థ జీతాలు ఆపేసింది, వేలమంది భారతీయ కార్మికులు క్యాంపుల్లో తిండికి కూడా ఇబ్బంది పడ్డారు, మరుసటి ఏడాది అది మూతపడింది. ఆ కష్టాన్ని ఎవరూ తేలిగ్గా తీసుకోలేరు. అయినా ఒక విషయం గమనించాలి. ఆ కార్మికుల జాబితాలు క్యాంపుల వారీగా, కంపెనీ వారీగా తయారైనాయంటే అందరి అకామా (నివాస అనుమతి పత్రం) మీద ఒకే యజమాని పేరుంది కాబట్టే. దివాలా తీసిన సౌదీ ఓజర్ వంటి నిర్మాణ సంస్థల నుంచి రావలసిన పాత జీతాలు ఫిలిప్పీన్స్ కార్మికులకు 2024లో చెక్కుల రూపంలో అందడం మొదలైంది. ఎనిమిదేళ్ల ఆలస్యం న్యాయం కాదు. కానీ ఆజాద్ వీసా మీద పనిచేసిన వాడికి ఎనభై ఏళ్లయినా ఆ చెక్కు రాదు. పేరు తెలియడం చాలదు అన్నది నిజం, పేరు లేకుండా మిగతాది మొదలే కాదన్నదీ అంతే నిజం.

రెండో అభ్యంతరం మనసుకు తగిలేది. కంపెనీ ఎన్నడూ మన గడప తొక్కలేదు, తొక్కింది టేకేదారు, ఏజెంటు, విత్తన ఆర్గనైజరు. బిడ్డ పెళ్లికి అప్పిచ్చింది అతనే, రాత్రి పూట ఫోను ఎత్తేది అతనే, వరుసకు బావో మామో అవుతాడు. అతన్ని పక్కన పెట్టి కాగితం అడగమంటే ఎలా? ఈ మాటలో న్యాయముంది. మధ్యవర్తులందరూ మోసగాళ్లు కారు, టేకేదారులలో చాలామంది ఒకప్పుడు బీడీలు చుట్టినవాళ్లే, కమీషను తగ్గితే వాళ్లూ నలిగిపోతారు. కానీ మంచి మధ్యవర్తికి కాగితం అడ్డం కాదు, రక్షణ. విత్తన వరి సాగులో చూడండి. మన కరీంనగర్ ప్రాంతంలో దాన్ని ఆడమగ వరి అంటారు. ఆర్గనైజరు విత్తనం తెస్తాడు, మందు తెస్తాడు, పంట తీసుకుపోతాడు, కంపెనీ పేరు చాలాసార్లు రైతు చేతిలోని ఏ చీటీ మీదా ఉండదు. మక్కలోనూ అంతే. ములుగు జిల్లా వాజేడు, వెంకటాపురం ప్రాంతంలో విత్తన మక్క వేసి నష్టపోయిన రైతులకు 2025లో కంపెనీల నుంచి పరిహారం ఇప్పించడానికి రైతు కమిషన్, జిల్లా యంత్రాంగం రంగంలోకి దిగవలసి వచ్చింది. చీటీ మీద కంపెనీ పేరుంటే, రైతు కోపం ఆర్గనైజరు ఇంటి మీదికి కాక వెళ్లవలసిన చోటికి వెళ్లేది.

సిరిసిల్లలో ఈ సమస్య ఇంకో వేషంలో ఉంది. అక్కడ కంపెనీ అనే మాట పెద్దగా వినపడదు. సాంచాలు, అంటే మరమగ్గాలు, నడిచేది కార్ఖానాలో, నూలు ఇచ్చేది యజమాని, నాలుగో ఎనిమిదో సాంచాలు పెట్టుకుని ఆ నూలుతో కూలికి బట్ట నేయించేవాడు ఆసామి, అతని దగ్గర సాంచా నడిపేవాడు కార్మికుడు. ఆసామి ఒకవైపు చూస్తే యజమాని, ఇంకోవైపు చూస్తే తనూ కూలి మనిషే. 2017 నుంచి బతుకమ్మ చీరల ఆర్డర్లు వచ్చిన ఏళ్లలో ప్రభుత్వమే కొనుగోలుదారు. ఆర్డరు ఆగినప్పుడు కార్మికుడు ఆసామిని అడిగాడు, ఆసామి యజమానిని అడిగాడు, యజమాని ప్రభుత్వాన్ని అడిగాడు. మాట మారినా వరుస అదే. 1978లో కేరళ తాళ్ల కార్ఖానా కార్మికుల కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ ఇచ్చిన తీర్పు ఇలాంటి వరుసల గురించే. మధ్యలో ఎంతమంది కాంట్రాక్టర్లున్నా, ఎవరి వ్యాపారం కోసం ఆ చేతులు పనిచేస్తున్నాయో, ఎవరు పని ఆపితే ఆ పొట్టలు మాడతాయో, అసలు యజమాని వాళ్లే అన్నది దాని సారం.

మూడో అభ్యంతరం అన్నిటికన్నా గట్టిది. ఎక్కువ అడిగితే కంపెనీ వెళ్లిపోతుంది, ఉన్న నాలుగు పైసలూ పోతాయి అంటారు. ఇది ఉత్త బెదిరింపు కాదు, జరిగిన చరిత్ర. 1966 చట్టాన్ని కేరళ ప్రభుత్వం గట్టిగా అమలు చేయబోతే 1968లో అక్కడి అతిపెద్ద బీడీ సంస్థ కన్నూరులో కార్ఖానాలు మూసేసింది, దాదాపు 12,000 మంది వీధిన పడ్డారు. ఆ మరుసటి ఏడాది, 1969లో, ప్రభుత్వం చేయందిస్తే ఆ కార్మికులే కేరళ దినేశ్ బీడీ అనే సహకార సంఘం కట్టుకున్నారు. కూలి, సెలవు, భవిష్యనిధి చట్టప్రకారం ఇస్తూ దశాబ్దాల పాటు నడిపారు. బీడీ తాగేవాళ్లు తగ్గాక గొడుగులు, తినుబండారాల వైపు మళ్లారు. ప్రతిచోటా అది సాధ్యమని నేను అనను, అక్కడ బలమైన సంఘాలు, సాయం చేసిన ప్రభుత్వం ఉన్నాయి. కానీ సహకార సంఘంతో యాభై ఏళ్లకు పైగా ఊళ్లకు ఊళ్లు కరెంటు నడిపిన సిరిసిల్ల పక్కన ఉండి, ఇది మన వల్ల కాదు అనడం సరికాదు. రైతులు వాటాదారులుగా ఉండే ఉత్పత్తిదారుల కంపెనీలకు కూడా 2002 సవరణ నుంచి చట్టంలో చోటుంది. కోరుట్ల, మెట్‌పల్లి పసుపు రైతు ఆ దారిలో కంపెనీకి సరుకు అమ్మేవాడుగానే కాక, కంపెనీలో భాగస్తుడుగా కూడా ఉండవచ్చు.

పెద్ద చట్టాలు మారే దాకా ఆగకుండా జిల్లా స్థాయిలో చేయదగ్గవి ఉన్నాయి. ప్రతి బీడీ కార్ఖానా తలుపు మీద మార్కా బొమ్మతో పాటు అసలు యజమాని సంస్థ పూర్తి పేరు, చిరునామా, పీఎఫ్ కోడ్ తెలుగులో రాయించాలి. చుట్టే మనిషి బుక్కులో మొదటి పేజీ మీద అదే పేరు ఉండాలి. విత్తన ఆర్గనైజరు ఇచ్చే చీటీ కంపెనీ లెటర్‌హెడ్ మీద, రేటు, గడువు, పంట తప్పితే ఎవరు భరిస్తారో రాసి ఉండాలి. గల్ఫ్ ఏజెంటు దగ్గర డబ్బు కట్టే ముందు అతని రిజిస్ట్రేషన్ నంబరు, అక్కడి యజమాని పేరు ఈ-మైగ్రేట్‌లో చూడటం పదో తరగతి చదివే పిల్లకు కూడా ఫోనులో అయ్యే పని. విదేశాల్లో ఉద్యోగాలు చూపించే తెలంగాణ ఓవర్సీస్ మ్యాన్‌పవర్ కంపెనీ, అంటే టామ్‌కామ్, ప్రభుత్వ సంస్థే. దాని మనిషి హైదరాబాదులోనే కూర్చోకుండా వారానికి ఒక రోజు రాయికల్‌లో, కోరుట్లలో కూర్చుని, ఊరివాళ్లు తెచ్చిన ఆఫర్ లెటర్ మీదున్న పేరు నిజమైన కంపెనీదో కాదో అప్పటికప్పుడు చూసి చెప్పే ఏర్పాటు కావాలి. ఆ ఏర్పాటు కోసం గ్రామసభల్లో తీర్మానం చేసి కలెక్టరుకు పంపడానికి ఇప్పుడే వీలుంది.